ఇల్లలకగానే పండగ కాదు

కర్నూలు జిల్లా పడమటి కొసన, ఆస్పరి మండలంలో మా ఊరు కైరుప్పల. పేరు చెప్పగానే గుర్తుపట్టేవారు తక్కువ. "ఉగాది మరునాడు పిడకలతో కొట్టుకుంటారే, ఆ ఊరు" అంటే మాత్రం చాలామంది తల ఊపుతారు. వీరభద్రస్వామి పక్షం ఒకటి, కాళికాదేవి పక్షం ఒకటి. ప్రేమించుకున్న ఆ ఇద్దరి నడుమ పెళ్ళి దగ్గర మాటపట్టింపు వచ్చిందట. ఆ తగవును ఊరంతా రెండుగా చీలి పిడకలతో తీరుస్తుంది. దెబ్బ తగిలినవాడు గుడికి వెళ్ళి విభూతి రాసుకుంటాడు. ఆపైన స్వామికీ అమ్మవారికీ కల్యాణం. అంతవరకు కొట్టుకున్నవాళ్ళే పక్కపక్కన నిలబడి చేతులు జోడిస్తారు.

ఈ టపా ఆ సమరం గురించి కాదు, మరో సమరం గురించి. పాత ఆట యంత్రాలకు తగిలించే డ్రైవును ఏ పద్ధతిలో ఫార్మాట్ చేయాలన్న చిన్న తగవు గురించి. చిన్నదే, కానీ దాని అడుగున నాకొక పెద్ద విషయం కనబడుతున్నది. ఒకప్పుడు మనమంతా పోట్లాడి గెలిచిన విషయమే అది. ఓపికతో చివరిదాకా చదవమని మనవి.

ఉగాదికి ఊరికి వెళ్ళినప్పుడు మా అక్క కొడుకు ఒక పాత ప్లేస్టేషన్ 2 చూపించాడు. ఆదోనిలో ఎవరో ఇల్లు ఖాళీ చేస్తూ అమ్మారట. సన్నరకం కాదు, మొదటి తరపు లావుపాటి యంత్రం. వెనుక అరలో ఒక హార్డ్ డిస్కు కూడా ఉన్నది. వాడు దాన్ని ఊడదీసి తన ల్యాప్‌టాప్‌కు తగిలించి, నన్ను కేకవేశాడు.

"మామా, ఈ డిస్కును ఇనిషియలైజ్ చేయమంటాంది. సరే అని కొట్టేదా?"

"కొట్టొద్దురా నాయనా, ముందు చెయ్యి తియ్యి!"

నా గొంతు విని వంటింట్లోంచి అక్క కూడా బయటికి వచ్చింది, ఏ కరెంటు తీగో పట్టుకున్నాడనుకుని. అంత కంగారు నాకెందుకన్నది చివర చెబుతాను. ముందు వాడికి చెప్పిన సంగతులే మీకూ చెబుతాను.

ఫార్మాట్ అన్న మాటకు నాకు నచ్చిన తెలుగు మాట ఇప్పటికీ దొరకలేదు. నా మటుకు నేను 'అలికి ముగ్గు వేయడం' అనుకుంటాను. వాకిలి అదే, నేల అదే. అలికినప్పుడు పాత ముగ్గు పోతుంది, కొత్త ముగ్గు పడుతుంది. ఏ చుక్క నుండి ఏ చుక్కకు గీత సాగాలో ఆ ముగ్గు చెబుతుంది. డ్రైవు మీద వేసే ముగ్గు కూడా అటువంటిదే: ఏ దస్త్రం ఏ గడిలో మొదలై ఏ గడిలో ముగుస్తుందో చెప్పే పట్టిక. ఆ ముగ్గు వేసే పద్ధతులు అనేకం. ఫ్యాట్ 32 ఒకటి, ఎన్‌టీఎఫ్‌ఎస్ ఒకటి, ఎక్స్‌ఫ్యాట్ ఒకటి. ఇవిగాక ఒక్కొక్క ఆట యంత్రానిది ఒక్కొక్క సొంత ముగ్గు.

మా మేనల్లుడి చేతిలోని డిస్కు మీద ఉన్నది ప్లేస్టేషన్ 2 సొంత ముగ్గు. భాగాలు పంచుకొనే పద్ధతిని ఏపీఏ అనీ, వాటిలో దస్త్రాలు పెట్టుకొనే పద్ధతిని పీఎఫ్‌ఎస్ అనీ అంటారు. విండోస్‌కు ఆ ముగ్గు చదవడం రాదు. రాదని ఒప్పుకుంటే గొడవే లేదు. "ఈ డిస్కు వాడటానికి సిద్ధంగా లేదు, సిద్ధం చేయమంటారా?" అని మర్యాదగా అడుగుతుంది. తనకు చదవడం రాని పుస్తకాన్ని తెల్లకాగితాల కట్ట అనుకునే మనిషి వంటిది ఆ మర్యాద. సరే అని కొడితే డిస్కు మొదట్లోనే తన సంతకం గీకుతుంది. తిరిగి ప్లేస్టేషన్‌లో పెడితే అది కూడా తన డిస్కును గుర్తుపట్టదు.

ఇక అసలు తగవు. అంతర్జాలంలో ఈ విషయం మాట్లాడుకునేవారు రెండు పక్షాలు. ఒక పక్షం ఫ్యాట్ 32 అంటుంది, రెండో పక్షం ఎక్స్‌ఫ్యాట్ అంటుంది. పిడకలకు కొదవ లేదు. రెండు పక్షాల వాదనా ఒకసారి వినాలి.

ఫ్యాట్ వంశానికి మూలపురుషుడు 1977లో పుట్టాడు. ఫ్లాపీ డిస్కుల కాలపు మనిషి. ఫ్యాట్ 32 అన్న వారసుడు 1996లో విండోస్ 95 మలికూర్పుతో వచ్చాడు. ఎన్‌టీఎఫ్‌ఎస్ అంతకు మూడేళ్ళ ముందే, 1993లో విండోస్ ఎన్‌టీతో వచ్చింది. ఎక్స్‌ఫ్యాట్ అందరికన్నా చిన్నది, 2006లో పుట్టింది. వయసు చూసి గౌరవిస్తామంటే ఫ్యాట్ 32నే గౌరవించాలి, కానీ దానికొక పెద్ద లోపమున్నది. దస్త్రం పరిమాణాన్ని రాసుకోవడానికి దాని పద్దులో 32 బిట్ల చోటే ఉన్నది. అందుచేత ఒక్క దస్త్రం 429 కోట్ల 49 లక్షల 67 వేల 295 బైట్లకు మించకూడదు. మించితే పట్టదు.

ఒకపొర డీవీడీలో 470 కోట్ల బైట్లు పడతాయి. అంటే, నిండా నింపిన డీవీడీ ఆటను ఒకే దస్త్రంగా ఫ్యాట్ 32 మీద పెట్టలేము. నలభై కోట్ల బైట్లు బయట మిగిలిపోతాయి. 2007లో వచ్చిన 'గాడ్ ఆఫ్ వార్ 2' వంటివి రెండు పొరల డిస్కు మీద వచ్చాయి కనుక వాటి సంగతి చెప్పనే అక్కరలేదు. అప్పుడేం చేయాలి? ఆటను ముక్కలుగా కోసి పెట్టాలి. ప్లేస్టేషన్ 2లో డిస్కు లేకుండా ఆటలు నడిపే ఓపెన్ పీఎస్2 లోడర్ అన్న ఉచిత ప్రోగ్రాము ఆ ముక్కలను కలుపుకుని చదువుకోగలదు. కానీ ముక్కలు కోయడానికి వేరే ఉపకరణం కావాలి, పేర్లు ఒక తీరుగా ఉండాలి, ఒక ముక్క పోతే ఆట మొత్తం పోతుంది. "ఈ తలనొప్పి దేనికి? ఎక్స్‌ఫ్యాట్ పెట్టుకుంటే ఎంత పెద్ద దస్త్రమైనా పడుతుంది కదా?" అన్నది రెండో పక్షం వాదన. న్యాయమైన వాదన. ఆ లోడర్ ఇటీవలి కూర్పులు ఎక్స్‌ఫ్యాట్‌ను చదువుతున్నాయి కూడా.

మరి నేనెందుకు ఇప్పటికీ ఫ్యాట్ 32 పక్షాన నిలబడతాను? మూడు కారణాలు.

మొదటిది, ఎక్కువ యంత్రాలకు అర్థమయ్యే ముగ్గు అదే. ప్లేస్టేషన్ 3కి యూఎస్‌బీ డ్రైవు తగిలిస్తే అది ఫ్యాట్ 32ను తప్ప వేరొకదాన్ని చూడదు. నింటెండో 3డీఎస్ కూడా అంతే. ఇక్కడ చాలామంది బోర్లా పడతారు. మెమరీ కార్డుల ప్రమాణాల ప్రకారం 32 గిగాబైట్ల వరకు ఉన్న కార్డు ఫ్యాట్ 32తో వస్తుంది, అంతకు మించినది ఎక్స్‌ఫ్యాట్‌తో వస్తుంది. అంగడిలో 64 గిగాబైట్ల కార్డు కొని, ప్యాకెట్ చించి, యంత్రంలో పెడితే అది పలకదు. కొన్నవాడు కార్డు పాడైందనుకుంటాడు. కార్డు బాగానే ఉన్నది, భాష కలవలేదంతే.

రెండవది, పెద్ద డ్రైవును ఫ్యాట్ 32గా చేయలేమన్న అపోహ. విండోస్ ఏళ్ళ తరబడి 32 గిగాబైట్లకు మించిన డ్రైవును ఫ్యాట్ 32గా చేయనివ్వలేదు కనుక, అది ఆ పద్ధతికే ఉన్న హద్దని లోకం నమ్మింది. నిజానికి ఆ పద్ధతి మామూలుగా 2 టెరాబైట్ల వరకు పోగలదు. ఆ ఫార్మాట్ పెట్టెను రాసిన మైక్రోసాఫ్ట్ ఇంజనీరు డేవ్ ప్లమ్మర్, అది తాత్కాలికంగా చేసిన పని అనీ, 32 అన్న హద్దు ఆ రోజు తాను తోచినట్టు పెట్టినదనీ తరువాతి కాలంలో చెప్పుకున్నారు. మన ఊళ్ళలో తాత్కాలికంగా వేసిన రేకుల పాక మూడు తరాలు నిలవడం చూశాం కదా, ఇదీ అంతే. 2024లో గాని మైక్రోసాఫ్ట్ వారు తమ పరీక్షా కూర్పులో, అదీ కమాండ్ లైన్ ద్వారా, ఆ హద్దును 2 టెరాబైట్లకు పెంచలేదు. అయితే అంతకు ఎంతో ముందు నుంచే బయటి ఉచిత ఉపకరణాలు ఆ పని చేసిపెడుతున్నాయి, లినక్సులో ఆ హద్దే లేదు.

మూడవది కరెంటు. మా వైపు ఎండాకాలం కరెంటు ఎప్పుడు పోతుందో దేవుడికే తెలియాలి. రాస్తూ ఉండగా కరెంటు పోతే పట్టిక చెదిరిపోతుంది. ఫ్యాట్ 32 ఆ పట్టికను రెండు ప్రతులుగా ఉంచుకుంటుంది. ఎక్స్‌ఫ్యాట్ సాధారణంగా ఒక్క ప్రతితోనే సరిపెట్టుకుంటుంది. రెండు ప్రతులున్నంత మాత్రాన అన్నీ తిరిగి వస్తాయని చెప్పను. జరగబోయే మార్పులను ముందే చిట్టా రాసుకొని, దాన్ని చూసి కోలుకొనే గుణం ఈ రెండింటికీ లేదు. అది ఎన్‌టీఎఫ్‌ఎస్‌కు ఉన్నది. ఆ లెక్కన ఎన్‌టీఎఫ్‌ఎస్సే గొప్పది. కానీ ఏం లాభం, పాత యంత్రాలకు ఆ గొప్పతనాన్ని చదివే చదువు లేదు.

ఇక్కడ నా వాదనలోని బలహీనత కూడా ఒప్పుకోవాలి. ఒక డ్రైవు ఒక్క ప్లేస్టేషన్ 2 కోసమే అనుకుంటే, లోడర్ కొత్త కూర్పే అయితే, ఎక్స్‌ఫ్యాట్ పెట్టుకోవడంలో తప్పేమీ లేదు. ముక్కలు కోసే బాధ తప్పుతుంది. దాన్ని మూర్ఖత్వమనేవారితో నేను ఏకీభవించను. అయితే ఆ డ్రైవు రేపు మరో యంత్రానికి పోదని, పక్కింటి పిల్లవాడు అరువు అడగడని రూఢిగా తెలియాలి. మన ఇళ్ళలో అటువంటి రూఢి ఎక్కడిది?

ఫార్మాట్ మారిస్తే వేగం పెరుగుతుందన్న భ్రమ ఒకటున్నది, దాన్ని కూడా తీర్చేస్తాను. ప్లేస్టేషన్ 2 ముందువైపున్న యూఎస్‌బీ రంధ్రాలు పాతకాలపు 1.1 రకం. క్షణానికి 12 మెగాబిట్లు, అంటే ఎంత లాగినా ఒకటిన్నర మెగాబైట్లు. అదే యంత్రంలోని డీవీడీ చదివే పరికరం క్షణానికి 5 మెగాబైట్ల పైచిలుకు చదువుతుంది. అందుకే పెన్ డ్రైవు మీది ఆటలో కథాదృశ్యాలు వచ్చినప్పుడు బొమ్మ నత్తిగా ఆడుతుంది. ఎక్స్‌ఫ్యాట్ పెట్టినా, ఫ్యాట్ 32 పెట్టినా, లక్ష రూపాయల డ్రైవు పెట్టినా ఆ నత్తి పోదు. సందు ఇరుకైనప్పుడు బండి మార్చితే ఏం లాభం? లావుపాటి యంత్రంలోని హార్డ్ డిస్కు దారి వేరు, అది వెడల్పైన దారి. 2004లో వచ్చిన సన్నరకంలో ఆ అర తీసేశారు. కనుక మా మేనల్లుడు తెలియకుండానే మంచి బేరం చేశాడన్నమాట.

మరొక చిక్కు: దస్త్రం ఒకే వరుసలో ఉండాలి. ఆదోని పత్తి మార్కెట్టు చూసినవారికి ఇది సులభంగా అర్థమౌతుంది. ఒక రైతు బోరాలన్నీ ఒకేచోట వరుసగా పేర్చి ఉంటే, మొదటి బోరం ఎక్కడుందో, మొత్తం ఎన్నో చెబితే చాలు, హమాలీ కళ్ళు మూసుకుని ఎత్తుకుపోతాడు. పది బోరాలు ఇక్కడ, ఆరు అక్కడ, నాలుగు గోడవారగా పడేసి ఉంటే ప్రతిసారీ గుమాస్తా చిట్టా తెరిచి చూడాలి. ఆ లోడరు మన హమాలీ వంటిది. ఆట నడుస్తుండగా చిట్టా తెరిచే తీరిక దానికి లేదు, యూఎస్‌బీ డ్రైవు మీద దస్త్రం అతుకులు లేకుండా వరుసగా ఉండాలని కోరుతుంది. ఆటలు తీసేస్తూ, పెడుతూ, మళ్ళీ తీసేస్తూ ఉంటే ఖాళీలు అక్కడొకటి ఇక్కడొకటి ఏర్పడి, కొత్త ఆట చీలికలుగా పడుతుంది. లోడర్ నడపనంటుంది. డ్రైవు తప్పనీ, ఫార్మాట్ తప్పనీ జనం తిట్టుకుంటారు. తప్పు సర్దుకోవడంలో ఉన్నది. అన్నీ వేరేచోట దాచుకుని, డ్రైవు ఒకసారి శుభ్రంగా అలికి, ఒక్కొక్కటిగా తిరిగి ఎక్కిస్తే సరి.

సరే, ఇంతసేపూ ఆటలెక్కడివి అని మీరు అడగలేదు. అడగకముందే చెప్పడం మంచిది. మా చిన్నతనంలో ఆదోనిలోనైనా, ఎమ్మిగనూరులోనైనా టీవీ గేమంటే నకిలీదే. 'ఒకదానిలో 9999 ఆటలు' అని అట్టమీద రాసి ఉండే క్యాసెట్లు కొనేవాళ్ళం. తిప్పితిప్పి చూస్తే పట్టున ముప్పై ఆటలు కూడా ఉండేవి కావు. వాటిలో ఉండే 'సూపర్ మారియో బ్రదర్స్' అసలు పరిమాణం 40 కిలోబైట్లు. ఈ రోజు ఒక పెళ్ళి ఫొటోలో అటువంటి ఆటలు వంద పడతాయి. అవి దొంగ సరుకని మాకు తెలియదు. తెలిసినా మానేవాళ్ళం కాదేమో. ఈ వయసులో పిల్లవాడికి చెప్పవలసి వచ్చినప్పుడు మాత్రం నిజమే చెప్పాలి. మన దేశపు కాపీరైటు చట్టం, న్యాయంగా కొన్న కంప్యూటర్ ప్రోగ్రాము పోకుండా, పాడవకుండా రక్షణగా ఒక ప్రతి తీసుకోవడానికి 52వ సెక్షనులో చోటిచ్చింది. కొనని ఆటను దింపుకోవడానికి చోటివ్వలేదు. డిస్కు చేతిలో ఉంటే దాన్ని డ్రైవులోకి ఎక్కించుకో. లేకపోతే డిస్కు వెతికి కొను. పాత సామాన్ల అంగళ్ళలో ఇంకా దొరుకుతున్నాయి.

ఈ మాట నేను నీతి కోసం మాత్రమే అనడం లేదు. ప్లేస్టేషన్ 2 మనకు పరాయిది కాదని ఎంతమందికి గుర్తున్నది? 2009లో హైదరాబాదు సంస్థ అరోనా టెక్నాలజీస్ ఆ యంత్రం కోసం 'హనుమాన్: బాయ్ వారియర్' అన్న ఆట చేసింది. భారతదేశంలోనే పూర్తిగా తయారైన మొదటి కన్సోల్ ఆటగా దాన్ని ప్రచారం చేశారు. అదే ఏడు హైదరాబాదులోని గేమ్‌శాస్త్ర 'దేశీ అడ్డా' చేసింది. కబడ్డీ, బిళ్ళంగోడు, గాలిపటాల పందెం అన్నీ అందులో ఉన్నాయి. ఆటలుగా అవి గొప్పవని నేను అనను. హనుమంతుడి ఆటను విమర్శకులు చీల్చి చెండాడారు, అందులో అన్యాయమేమీ లేదు. కానీ మొదటి ప్రయత్నం మొదటి ప్రయత్నమే. మొదటి తెలుగు టాకీని మనం దాచుకోలేకపోయామని బాధపడే జాతి మనది. ఈ ఆటల సంగతి అప్పుడే అంత దూరం పోలేదు. కానీ డిస్కు గీతలు పడుతున్నది, యంత్రంలో దాన్ని చదివే లేజరు కన్ను మసకబారుతున్నది. 2013 మొదట్లో ప్లేస్టేషన్ 2 తయారీయే ఆగిపోయింది. ఆ డిస్కులున్నవారు వాటి ప్రతిని తీసి, చదవగలిగే తీరులో దాచకపోతే, ఇరవై ఏళ్ళ తరువాత వాటి గురించి వ్యాసాలుంటాయి గాని ఆటలుండవు.

చదవగలిగే తీరులో దాచడం అన్నాను. అసలు మాట ఇదే. మనవాళ్ళకు ఈ బాధ కొత్తది కాదు. తెలుగు యూనికోడులో 1991లోనే చోటు సంపాదించుకున్నా, ఆ తరువాత ఎన్నో ఏళ్ళు మనం ఒక్కొక్కరి ఖతిలో ఒక్కొక్క తెలుగు చదివాం. ఒక పత్రిక తెలుగు మరో పత్రిక ఖతిలో పెడితే పిచ్చిగీతలు. ఎవరి ఖతి అందం వారిదే, ఎవరి గొప్పతనం వారిదే. కానీ ఆ వ్యాసాన్ని వెతకలేము, నకలు తీసి మిత్రుడికి పంపలేము. ఆ సంస్థ ఖతి మార్చిన రోజున పాత సంచికలన్నీ మూగబోయేవి. అప్పుడు మనలాంటివాళ్ళం ఏమన్నాం? అందం కాస్త తగ్గినా సరే, అక్షరాలు డబ్బాలుగా కనబడే రోజులైనా సరే, అందరికీ అర్థమయ్యే పద్ధతిలో రాద్దాం అన్నాం. ఆ పంతమే ఈ రోజు నా మాట మీ దాకా రావడానికి కారణం.

ఆట యంత్రాల లోకంలోనూ అదే కథ నడిచింది. నింటెండో వీకి మొదట్లో అభిమానులు డబ్ల్యూబీఎఫ్‌ఎస్ అన్న ప్రత్యేకమైన ముగ్గు కనిపెట్టారు. చోటు బాగా కలిసివచ్చేది. కానీ ఆ భాగాన్ని కంప్యూటరు చదవలేకపోయేది, తగిలించగానే "ఫార్మాట్ చేయమంటారా" అని అడిగేది. కొన్నాళ్ళకు అందరూ విసిగి, ఆ రకం దస్త్రాలను మామూలు ఫ్యాట్ 32 డ్రైవు మీదే పెట్టుకునే పద్ధతికి వచ్చారు. ఎక్స్‌ఫ్యాట్ కూడా చాలాకాలం ఒక్క సంస్థ గుట్టుగా ఉండి, 2019లో మైక్రోసాఫ్ట్ దాని వివరాలు బయటపెట్టిన తరువాతనే లినక్సు కెర్నెలులోకి వచ్చింది. తలుపు తెరిచాకే చుట్టాలు వస్తారు. ఇప్పుడు ఎక్స్‌ఫ్యాట్ మీద నా పాత కోపం సగం తగ్గడానికి కారణమూ అదే.

ఇక నా కంగారు సంగతి.

చాలా ఏళ్ళ కిందట అమెరికా నుంచి వచ్చిన బంధువొకరు నాకు ఒక వీ ఇచ్చారు. నా దగ్గరున్న బయటి హార్డ్ డిస్కును రెండు భాగాలు చేశాను. ఒకటి ఆటలకు, ఒకటి ఇంటి ఫొటోలకు. ఆ రెండో భాగంలో మా అవ్వ వీడియో ఒకటి ఉండేది. వీరభద్రుడూ కాళికమ్మా ఎందుకు అలిగారో, పిడకలు ఎట్లా వచ్చాయో ఆమె తనదైన తీరులో చెప్పిన పదకొండు నిముషాలు. మధ్యలో ఎనుము అరుస్తుంది, "దాన్ని కట్టెయ్ పో" అని ఎవరినో గదమాయిస్తుంది, మళ్ళీ కథలోకి వస్తుంది. ఒక రాత్రి వీ తెర మీద లోడర్ అడిగింది: భాగం 1, భాగం 2, ఏది ఫార్మాట్ చేయను? నిద్రమత్తులో నేను రెండవదాని మీద నొక్కాను. అర నిముషం కూడా పట్టలేదు. యంత్రం తప్పు లేదు, ప్రోగ్రాము తప్పు లేదు, ఫార్మాట్ తప్పసలే లేదు. అది అడిగింది, నేను సరే అన్నాను. తరువాత తెలిసిన ఉపకరణాలన్నీ ప్రయోగించాను. ఫొటోలు కొన్ని సగం బూడిదరంగుతో తిరిగి వచ్చాయి. వీడియో రాలేదు. మరుసటి ఉగాదికి మళ్ళీ చెప్పించుకుందాంలే అనుకున్నాను. మరుసటి ఉగాదికి అవ్వ లేదు.

ఇప్పుడు ఊరిలో ఆ కథ చెప్పేవాళ్ళు చాలామంది ఉన్నారు. టీవీలవాళ్ళు కూడా వచ్చి తీసుకుపోతారు. ఆమె చెప్పినట్టు చెప్పేవాళ్ళు లేరు.

కనుక మా మేనల్లుడికి చెప్పినవి మీకూ చెప్పి ముగిస్తాను. ఆటల డ్రైవు ఆటలకే. అందులో ఇంటి సామాను పెట్టవద్దు. అలికే ముందు మిగిలిన డ్రైవులన్నీ ఊడదీసి, ఒక్కదాన్నే తగిలించి ఉంచు. అప్పుడు తప్పు నొక్కడానికి తావుండదు. కొన్న డ్రైవు నిజంగా రాసినంత పరిమాణమేనా అని ముందు నిండా రాసి, తిరిగి చదివి చూసుకో. సంతలో చవకగా వచ్చే పెద్ద డ్రైవుల్లో అట్టమీద అంకె ఒకటి, లోపలి సరుకు ఒకటి. పాత యంత్రానికి పాత తీరు విభజన పట్టికనే పెట్టు, దాన్ని ఎంబీఆర్ అంటారు. ఆపైన, వేరే కారణం లేకపోతే ఫ్యాట్ 32. ఒక్క యంత్రానికే అనుకుని, అది చదువుతుందని తేల్చుకుంటే ఎక్స్‌ఫ్యాట్. ప్లేస్టేషన్ 2 లోపలి డిస్కుకు దాని సొంత ముగ్గు ఉన్నచోట దాన్ని కదిలించకు. కదిలించక తప్పకపోతే ముందు మరొక ప్రతి తీసిపెట్టు. ఏ యంత్రమైనా "సిద్ధం చేయమంటారా" అని అడిగితే, అది ఖాళీ అని చెప్పడం లేదు, తనకు చదవడం రాదని చెబుతున్నదని గుర్తుంచుకో.

వాడు అంతా విని, డిస్కును జాగ్రత్తగా తిరిగి యంత్రంలో బిగించి, టీవీకి తగిలించాడు. తెర వెలిగింది. పాత యజమాని పెట్టుకున్న ఆటల పట్టిక మొత్తం చెక్కుచెదరకుండా ఉన్నది. పట్టిక కిందుగా ఎవరో తమ పేరుతో దాచుకున్న సగం ఆట కూడా ఉన్నది.

"ఇది తీసేసేదా మామా?"

"ఉండనీరా. చోటుకేం కరువొచ్చింది?"

ఇల్లలకగానే పండగ కాదంటారు. అలకడం తెలిసినవాడికి, ఏది అలకకూడదో కూడా తెలియాలి. మా ఊళ్ళో పిడకలు విసురుకున్న రెండు పక్షాలూ చివరికి ఒకే పందిరి కిందికి చేరతాయి. ఫ్యాట్ 32 వారూ ఎక్స్‌ఫ్యాట్ వారూ అట్లాగే చేరి, ముందు తమ తమ డ్రైవుల్లో పోగొట్టుకోకూడనివేమున్నాయో ఒకసారి చూసుకుని, వాటికి మరొక ప్రతి తీసిపెడితే నాకు అంతకన్నా కావలసింది లేదు.

మీ దగ్గర 2009 నాటి ఆ రెండు హైదరాబాదు ఆటల డిస్కుల్లో ఏదైనా ఉంటే చెప్పండి. గీతలు పడి ఉన్నా ఫరవాలేదు.